లక్షన్నర లెహంగా, పావు అంగుళం గుడ్డ

డిజైనర్ పెళ్ళి డ్రెస్‌ని ఆల్టరేషన్‌కి ఇవ్వడమంటే మన ఇళ్ళల్లో ఇప్పటికీ ఏదో అపచారం చేస్తున్నట్టు చూస్తారు. "అంత డబ్బు పోసి కొన్నదాని మీద వీధి చివర టైలర్‌తో కత్తెర పెట్టిస్తావా" అని ఒకరు, "షాపు కుట్టు విప్పితే ఇంక దాని విలువేముంది" అని ఇంకొకరు, "అంత పెద్దవాళ్ళు తెలీకుండానే కుట్టారా" అని మరొకరు. చివరికి పెళ్ళికూతురు భుజం జారిపోయే బ్లౌజ్‌కి లోపల సేఫ్టీ పిన్నులు పెట్టుకుని, దిగిపోతున్న లెహంగాని నడుం దగ్గర ఒక చేత్తో పట్టుకుని, రిసెప్షన్ స్టేజీ మీద గంటలకొద్దీ నవ్వుతూ నిలబడుతుంది. ఫొటోల్లో బాగానే ఉంటుంది లెండి. ఫొటోగ్రాఫర్ పనివాడైతే పిన్నులు కనిపించవు.

నేననేది ఇదీ. ఒంటికి సరిచేయించని డిజైనర్ డ్రెస్ ఇంకా పూర్తికాని డ్రెస్. గుడ్డ, రంగు, వర్క్, కట్ అన్నీ డిజైనర్ ఇచ్చి ఉండొచ్చు, అది ఫలానా అమ్మాయి డ్రెస్ అయ్యేది మాత్రం ఆల్టరేషన్ మాస్టర్ దగ్గరే. అందుకని ఆ రెండో పనికి డబ్బూ టైమూ ముందే లెక్కేసుకోవాలి, కొనేటప్పుడే దానికి వీలుందో లేదో చూసుకోవాలి. వీలు లేకపోతే ఎంత పేరున్న షాపైనా సరే, ఆ డ్రెస్‌ని అక్కడే హ్యాంగర్‌కి తగిలించి రావాలి.

పెద్దవాళ్ళు కుట్టింది విప్పకూడదనేవాళ్ళకి ఒక మాట. 1981లో బ్రిటన్ యువరాణి డయానా పెళ్ళి గౌను కుట్టిన డేవిడ్, ఎలిజబెత్ ఇమాన్యుయేల్ దంపతులకు తలనొప్పి తెచ్చింది సరిగ్గా ఇదే. పెళ్ళి దగ్గరపడేకొద్దీ ఆ అమ్మాయి సన్నబడుతూ పోయింది, వీళ్ళు పై భాగాన్ని సరిచేస్తూ పోయారు. పాతికడుగుల పొడవున వెనక జీరాడిన ఆ గౌను గురించి లోకమంతా చెప్పుకుంది, నడుం దగ్గర జరిగిన పని గురించి అడిగినవాళ్ళు తక్కువ. 2020 జూలైలో ఆ రాజకుటుంబం పిల్లే, బియాట్రిస్, ఏకంగా వాళ్ళ నాన్నమ్మ ఎలిజబెత్ రాణి పాత గౌనుని పెళ్ళికి వేసుకుంది. నార్మన్ హార్ట్‌నెల్ చేసిన గౌను అది, రాణి 1960ల్లో వేసుకున్నది. మనవరాలికి తగ్గట్టు సరిచేసి, భుజాలకు పొట్టి ఆర్గాంజా చేతులు కొత్తగా పెట్టారు. రాజుల ఇళ్ళల్లో విప్పి కుట్టించుకుంటుంటే మనకెందుకండీ మొహమాటం?

అసలు అంత దూరం పోనక్కర్లేదు, మన జాకెట్ల సంగతే చూడండి. కొత్త జాకెట్ కుట్టించాలంటే ఆది జాకెట్ పట్టుకెళ్ళడం, "చేతులు అర అంగుళం పొడుగు పెట్టండి, మెడ మాత్రం ఇంతే ఉంచండి" అని చెప్పడం, మాస్టర్ సరేనమ్మా అని తనకు తోచింది కుట్టడం మనకు తెలిసిందే. కానీ ఆయన చేసే ఒక మంచి పనిని మనం ఎప్పుడూ గమనించం. పక్కల్లో అంగుళం దాకా గుడ్డ లోపలికి వదిలి, దాని మీద రెండు మూడు వరసలు కుట్లేస్తాడు. పిల్ల లావైతే ఒక వరస విప్పుకుంటే చాలు, జాకెట్ మళ్ళీ పడుతుంది. పురుడు పోసుకున్నాక ఇంకో వరస. మా అమ్మ పెళ్ళినాటి పట్టు జాకెట్ నా చిన్నప్పుడు కూడా వేసుకునేదంటే ఆ వరసల పుణ్యమే. జాకెట్ కుట్టినప్పుడే, ఈ మనిషి ఎప్పటికీ ఇలాగే ఉండదు అని ఒప్పుకున్న కుట్టు అది. కుట్టుకూలి ఎంతో తెలిస్తే ఇప్పటి పిల్లలు నమ్మరు.

ఇప్పుడు ఖరీదైన బ్లౌజ్ దగ్గరికి రండి. మా చెల్లి రిసెప్షన్‌కి లెహంగా సెట్ తీసుకున్నాం, పేరున్న షాపే, ఏ షాపన్నది అనవసరం. కొలతలు వాళ్ళే తీసుకున్నారు, చాలా వినయంగా కాఫీ కూడా ఇచ్చారు. డ్రెస్ ఇంటికొచ్చాక చూస్తే బ్లౌజ్ చెయ్యి మోచేతి పైన బిగుసుకుపోయింది, ఛాతీ దగ్గర పైనుంచి రెండు హుక్కులు పడటం లేదు. ఫోన్ చేస్తే అవతలి అమ్మాయి "కొలతలిచ్చాక మీరు వెయిట్ పెరిగారేమో మేడమ్" అంది. చెల్లి పెరగలేదు. పెరిగిందనే అనుకుందాం. పెళ్ళి కుదిరిన పిల్లని చుట్టాలంతా భోజనాలకు పిలిచి పరమాన్నాలు వడ్డించే దేశంలో, కొలతలకీ పెళ్ళికీ మధ్య అర అంగుళం అటూ ఇటూ అవడం ఎవరూ ఊహించలేని వింతా? అంత ధర పెట్టినవాళ్ళకి ఆ మాత్రం ముందుచూపు ఉండొద్దా?

బ్లౌజ్ తిరగేసి చూస్తే సంగతి తెలిసింది. పక్క కుట్టు దాటాక లోపల పావు అంగుళం గుడ్డ, దాని అంచు పోగులు ఊడకుండా నీటుగా ఓవర్‌లాక్ కుట్టు. అంతే. విప్పడానికి ఏమీ లేదు. లెహంగా సెట్ ధర లక్షన్నర. మా వీధి మాస్టర్ అడక్కుండానే వదిలే గుడ్డ ఇందులో లేదు.

షాపులవాళ్ళ వాదన కూడా చెప్పాలి కదా. ప్యాడ్స్, లైనింగ్, మధ్యలో బిగువు కోసం క్యాన్వాస్ గుడ్డ, పైన రా సిల్క్, ఆ పైన వర్క్, ఇన్ని పొరలున్న చోట లోపల గుడ్డ ఎక్కువ వదిలితే పక్కలు ఉబ్బెత్తుగా కనిపిస్తాయంటారు. కొంతవరకు నిజమే. కానీ అన్ని పొరలకీ వదలక్కర్లేదు, క్యాన్వాస్‌ని కుట్టు దగ్గరే ఆపేసి పై గుడ్డకీ లైనింగ్‌కీ మాత్రం వదలొచ్చు, చేసేవాళ్ళు చేస్తూనే ఉన్నారు. ఇంకో మాట కూడా వదిలారు, బయట ఆల్టర్ చేయిస్తే తర్వాత దేనికీ మా బాధ్యత లేదని. సరే. మీరు చేసివ్వండి అంటే పెళ్ళి అయిపోయాక తేదీ ఇచ్చారు.

చివరికి హైదరాబాద్ పాతబస్తీ వైపు ఒక మాస్టర్ గారు దాన్ని దారికి తెచ్చారు. వెనక హుక్కుల పట్టీ తీసేసి, రెండు వైపులా చిన్న చిన్న లూపులు పెట్టి, మధ్యలో దోరీ, అంటే సన్న తాడు, అల్లి బిగించుకునేలా చేశారు. దాంతో ఛాతీ దగ్గర కావలసినంత వదులొచ్చింది. చంకల కింద చిన్న ముక్కలు వేశారు, ఆ గుడ్డ ఎక్కడిదంటే లెహంగా అంచు లోపలికి మడిచి ఉన్న దాంట్లోంచి తీసింది, అందుకే రంగు తేడా రాలేదు. నేను పక్కనే కూర్చుని చూశాను, ఆయన వద్దనలేదు.

వర్క్ ఉన్న బట్టని బిగించడమో వదులు చేయడమో అంటే మిషన్ మీద ఒక గీత లాగడం అనుకుంటారు చాలామంది. మగ్గం వర్క్ ఎలా చేస్తారో చూస్తే అలా అనరు. గుడ్డని చెక్క చట్రానికి బిగించి లాగి కడతారు, మెడ ఇక్కడ, చెయ్యి ఇక్కడ అని దాని మీద ముందే గీస్తారు, కొక్కెం లాంటి సూదితో దారాన్ని కింది నుంచి పైకి లాగుతూ గొలుసులా అల్లుకుంటూ పోతారు, పూసలూ చమ్కీలూ ఆ దారంలోనే చిక్కుకుంటాయి. అంతా అయ్యాకే గుడ్డని కత్తిరించి కుట్టేది. గొలుసు కుట్టుతో వచ్చే చిక్కేమిటంటే, ఎక్కడైనా దారం తెంపి ముడి వేయకుండా వదిలేశామా, అది వరసగా ఊడిపోతూనే ఉంటుంది. కాబట్టి పక్కలు బిగించాలంటే కొత్త కుట్టు పడే దారిలో ఉన్న పూసలన్నీ ముందు ఏరి తీయాలి, లేదంటే మిషన్ సూది పూస మీద పడి విరుగుతుంది. తెగిన ప్రతి దారం కొసనీ వెనక నుంచి ముడేయాలి. కుట్టు పడ్డాక తీసిన పూసల్ని చేత్తో ఒక్కొక్కటే మళ్ళీ కుట్టాలి, ఆ చోట డిజైన్ తెగినట్టు కనిపించకూడదు. లక్నోలో జరీ తీగలతో చేసే జర్దోజీ పనికి 2013లో భౌగోళిక గుర్తింపు ఇచ్చారు, చాలా సంతోషం. అలాంటి పనిని చెడగొట్టకుండా విప్పి మళ్ళీ అతికే చేతికి మాత్రం ఏ గుర్తింపూ లేదు. పైగా ఆ పని ఎంత బాగా జరిగితే అంతగా కనిపించకుండా పోతుంది.

పొడవు సంగతి ఇంకో కథ. లెహంగా నేలకి రాస్తోంది కదా కింద రెండంగుళాలు మడిచేద్దాం అంటారు. కింద మడిస్తే అంచు మీది వర్క్ లోపలికి పోతుంది, అంటే ధరలో పెద్ద వాటా ఎక్కడుందో అదే పోతుంది. తెలిసిన మాస్టర్లు పైనుంచి తగ్గిస్తారు, నడుం పట్టీ ఊడదీసి, పైన కోసి, మళ్ళీ పట్టీ వేస్తారు. కానీ కలీలు, అంటే లెహంగాలో నిలువుగా అతికే గుడ్డ ముక్కలు, పైకెళ్ళేకొద్దీ సన్నబడతాయి, పైన రెండంగుళాలు కోస్తే అక్కడ నడుం చుట్టుకొలత పెరిగిపోతుంది, ఆ పెరిగిందాన్ని ప్రతి కలీలోనూ కొంచెం కొంచెంగా లాగాలి. లోపలి లైనింగ్‌నీ, లెహంగా విచ్చుకోవడానికి వేసే క్యాన్‌క్యాన్ నెట్‌నీ విడిగా అదే కొలతకి తగ్గించాలి. ఇంత పని చేశాక, పెళ్ళికూతురు ఆ రోజు వేసుకునే చెప్పులు తేకుండా కొలత ఇచ్చిందంటే అంతా గోవిందా. చెప్పులే కాదు, లోపల ఏ బ్రా వేసుకుంటుందో కూడా ఆ రోజుదే కావాలి, మొహమాటపడేవాళ్ళు అక్కని పంపండి.

బరువు గురించి కూడా ఎవరూ చెప్పరు. నిండుగా వర్క్ ఉన్న లెహంగాలు కొన్ని పది కిలోల దాకా తూగుతాయి. ఆ బరువంతా సన్న నాడా మీద వేలాడదీస్తే సాయంత్రం ఏడింటికి నడుం మీద ఉన్నది తొమ్మిదింటికి తుంటి మీదికి దిగుతుంది, అంచు నేలకి రాస్తుంది, అమ్మాయి తొక్కుకుంటుంది. లోపల వెడల్పాటి గట్టి బెల్ట్ పెట్టి దానికి పెద్ద హుక్కులు వేయిస్తే ఈ బాధ ఉండదు. ఖర్చు కూడా పెద్దగా కాదు.

ట్రయల్ రూమ్‌లో మనం చూసుకునేది అద్దం ముందు నిలబడి, ఊపిరి బిగబట్టి, చేతులు కిందికి వదిలి. పెళ్ళిలో అలా నిలబడేది ఎంతసేపు? ముహూర్తం పట్టుచీర మీది బ్లౌజ్ కూడా ఇప్పుడు డిజైనరే కదా, అది వేసుకుని జీలకర్రా బెల్లం పెట్టడానికి చెయ్యి పెళ్ళికొడుకు నెత్తి మీదికి వెళ్ళాలి, తలంబ్రాలు పోయాలంటే రెండు చేతులూ దోసిలి పట్టి పైకెత్తాలి, అదీ పోటీ పడి. చంక దగ్గర కట్ పైకి లేకపోతే చెయ్యి లేపగానే బ్లౌజ్ మొత్తం పైకొస్తుంది, నడుం బయటపడుతుంది, లేదా చంక దగ్గర పర్రుమంటుంది. పీటల మీద గంటలు కూర్చోవాలి, వంగి పెద్దవాళ్ళ కాళ్ళకు దండం పెట్టాలి. కాబట్టి ట్రయల్ వేసినప్పుడు సిగ్గుపడకుండా నేల మీద బాసింపట్టు వేసుకుని కూర్చోండి, చేతులు తల మీదికెత్తండి, వంగండి. షాపు అమ్మాయి వింతగా చూస్తే చూడనీయండి.

ఇక అసలు కోపం వచ్చే విషయం. బ్లౌజ్ పట్టలేదనగానే ఇంట్లో వచ్చే మొదటి సలహా టైలర్ గురించి కాదు. "ఇంకా నెల ఉందిగా, రాత్రి అన్నం మానెయ్" అని. షాపులోనూ అదే నవ్వుతూ చెప్తారు, జిమ్ములవాళ్ళు బ్రైడల్ ప్యాకేజీలు అమ్ముతారు. కొన్నది బట్టని, సరిదిద్దమంటున్నది ఒంటిని! పెళ్ళికొడుకు సంగతి చూడండి, అతని సూట్ ప్యాంట్ నడుం దగ్గర పట్టకపోతే ఎవరూ అతని పూరీల జోలికి వెళ్ళరు, మావయ్య బండి మీద టైలర్ దగ్గరికి తీసుకెళ్తాడు, సాయంత్రానికి తెచ్చేస్తాడు. ఎందుకంటే మగవాళ్ళ ప్యాంట్‌కి వెనక మధ్య కుట్టులో వదులు చేసుకోవడానికని గుడ్డ మొదటినుంచీ వదులుతారు. మగవాడికి పొట్ట వస్తుందని కుట్టేవాళ్ళకి తెలుసు, దాన్ని తప్పుగా చూడరు. ఆ మర్యాద పెళ్ళికూతురి బ్లౌజ్‌కి కూడా దక్కాలనే నా గోల. ఒకవేళ ఆ పిల్ల తనంతట తను బరువు తగ్గాలనుకుంటే తగ్గనీయండి, అది ఆమె ఇష్టం, అప్పుడు పక్కలు బిగిస్తారు. ఎంత పనైనా బిగించడానికి దారి ఉంటుంది. వదులు చేయడానికే లోపల సరుకుండాలి.

అన్నీ సరిచేయొచ్చని కూడా నేననను. భుజాలు సరిగ్గా కూర్చోని డ్రెస్ జోలికి వెళ్ళకపోవడమే మేలు. భుజం మార్చాలంటే మెడ మారాలి, మెడ చుట్టూ వర్క్ ఉంటుంది, చెయ్యి మళ్ళీ ఎక్కించాలి, అంతా విప్పి కొత్తగా కుట్టినంత పని. రెండు సైజులు పెద్దదాన్ని డిస్కౌంట్‌లో వచ్చిందని కొని మన సైజుకి దింపుదామనుకుంటే పూలూ లతలూ ఎక్కడెక్కడో వెళ్ళి కూర్చుంటాయి. వెల్వెట్‌ని వదులు చేస్తే పాత కుట్టు గీత అలాగే కనిపిస్తుంది, రా సిల్క్‌లో సూది రంధ్రాలు మిగులుతాయి. వాటి మీద పూసల వరసో లేసో వేసి కప్పడం కూడా ఆ మాస్టర్ పనితనమే అనుకోండి. అద్దెకి తెచ్చిన లెహంగాలకైతే గుడ్డ కోయడానికి లేదు, చేత్తో కచ్చా కుట్లు వేయించుకుని తర్వాత విప్పి ఇచ్చేయాలి.

అమెరికాలో ఉన్న పిల్లలకి ఇది ఇంకా కష్టం. వీడియో కాల్‌లో లెహంగా చూస్తారు, టేపుతో రూమ్మేట్ కొలతలు తీస్తుంది, డ్రెస్ పార్సిల్‌లో వెళ్తుంది లేదా ముహూర్తానికి వారం ముందు ఇక్కడ దిగి వేసుకుని చూస్తారు. అక్కడి బ్రైడల్ షాపుల్లో తెల్ల గౌను కొనుక్కున్నా ఆల్టరేషన్ బిల్లు సాధారణంగా విడిగానే ఉంటుంది, అది వందల డాలర్లలో ఉంటుందని ముందే తెలుసు కాబట్టి ఎవరూ గోల చేయరు. మన పూసల లెహంగా పట్టుకుని అక్కడి మామూలు టైలర్ దగ్గరికి వెళ్తే ముందు భయపడతారు. న్యూజెర్సీ ఎడిసన్ లాంటి మనవాళ్ళ బజార్లున్న చోట అయితే చేసేవాళ్ళు దొరుకుతారు. అమెరికాలో ఉన్న పిల్లలు ఆర్డర్ ఇచ్చేటప్పుడే, బ్లౌజ్ పక్కల్లో రెండేసి అంగుళాలు వదలమని, ఒక సంచీలో మిగిలిన పూసలు, దారం, జానెడు గుడ్డ వేసి పంపమని అడగాలి. ఇక్కడున్నవాళ్ళూ అడగాలి అసలు. తర్వాత ఏ మాస్టర్ దగ్గరికెళ్ళినా ఆ సంచీనే ప్రాణం.

టైమ్ గురించి ఒక్కటే చెప్తాను. ముహూర్తాలు మొదలయ్యాక మంచి మాస్టర్ల దగ్గర నిలబడే చోటు కూడా ఉండదు, అందరి పెళ్ళిళ్ళూ ఆ పది తేదీల్లోనే. శ్రావణం పెళ్ళైతే ఆషాఢంలోనే, మాఘం పెళ్ళైతే సంక్రాంతి బట్టల హడావిడి తీరగానే వెళ్ళండి. శుభకార్యాలకు పనికిరాని మాసమని బట్టల కొలతలకు కూడా ఆగేవాళ్ళు మా చుట్టాల్లో ఉన్నారు. సూది దారానికి మూఢం లేదు.

పెళ్ళయ్యాక బీరువాలో పడి ఉండే దానికి ఇంత అవసరమా అనొచ్చు. బీరువాలో పడి ఉండేది ఎందుకంటే, తర్వాత అది పట్టదు కాబట్టి. సమంత 2017లో తన పెళ్ళికి వేసుకున్న తెల్ల గౌనుని 2024లో నల్ల డ్రెస్‌గా మార్పించి ఒక అవార్డుల ఫంక్షన్‌కి వేసుకుంది, ఆ మార్పు చేసింది కూడా మొదట గౌను కుట్టిన క్రేశా బజాజే. జనం దాని వెనక ఏవేవో అర్థాలు వెతికారు. నాకు మాత్రం నచ్చింది ఏమిటంటే, తన చేతి పని మీద తనే కత్తెర పెట్టడానికి ఆ డిజైనర్‌కి అభ్యంతరం లేకపోయింది. మరి మనకెందుకు?

కూలి విషయం చెప్పకుండా ఆపలేను. లెహంగా కొన్నప్పుడు లక్షన్నరకి ఒక్క మాట బేరమాడని మా పిన్ని, "ఫిక్స్‌డ్ రేట్ అంటమ్మా" అని గర్వంగా చెప్పిన మా పిన్ని, మాస్టర్ గారు నాలుగు వేలనేసరికి "నాలుగు కుట్లకి నాలుగు వేలా? రెండు తీసుకోండి మాస్టర్ గారూ, పెళ్ళివాళ్ళం" అని మొదలుపెట్టింది. పెళ్ళివాళ్ళమని షాపులో వంద రూపాయలు తగ్గించమని అడగలేదు మళ్ళీ. ఆయన ఏమీ అనలేదు, తీసిన పూసలున్న స్టీలు గిన్నె ముందుకు జరిపి, "ఇవన్నీ మళ్ళీ కుట్టాలమ్మా" అన్నారు. పిన్ని గిన్నెలోకి చూసింది, పర్సు తీసింది, మూడున్నర ఇచ్చింది. మిగతా ఐదొందలు చెల్లి ఇచ్చింది, పిన్ని ఆటో ఎక్కాక.